విశాఖలో ఉంటూ సొంతంగా సినిమా నిర్మించాలంటే: కథ కాగితం నుంచి థియేటర్ లెక్క దాకా

నా మొదటి సినిమా షూటింగు 24 రోజుల్లో ముగిసింది. భీమిలి ఒడ్డున గుమ్మడికాయ కొట్టిన సాయంత్రం యూనిట్ అంతా నవ్వుతూ ఫొటోలు దిగింది. ఆ తర్వాత పద్నాలుగు నెలలు ఆ సినిమా ఒక హార్డ్ డిస్కులో, ఆ డిస్కు మా ఇంటి బీరువాలో ఉండిపోయాయి. డబ్బింగ్ సగంలో ఆగింది. నేపథ్య సంగీతం కూర్చే రీరికార్డింగ్‌కు అడ్వాన్సు ఇవ్వడానికి నా దగ్గర డబ్బు లేదు. ఉన్నదంతా షూటింగులోనే అయిపోయింది. తెచ్చిన అప్పుకు నెలనెలా వడ్డీ కట్టాను. మొదట్లో వారానికోసారి ఫోను చేసి "సార్, మన సినిమా ఎప్పుడు?" అని అడిగిన కుర్రవాళ్ళు కొన్నాళ్ళకు అడగడం మానేశారు. వడ్డీ కంటే ఆ మౌనమే నన్ను ఎక్కువ బాధపెట్టింది.

అప్పటి నుంచి సినిమా తీస్తానంటూ నా దగ్గరికి ఎవరు వచ్చినా ముందు ఒకటే చెబుతున్నాను: లెక్క విడుదల రోజు దగ్గర మొదలుపెట్టి వెనక్కి రండి. టికెట్టు కొన్న ప్రేక్షకుడి నుంచి మీకు ఎంత వస్తుందో తెలిశాక, సినిమాకు ఎంత పెట్టవచ్చో తెలుస్తుంది. ఈ వ్యాసంలో మెట్లు మామూలు వరుసలోనే ఉన్నాయి. కానీ ప్రతి మెట్టు మీదా చూపు విడుదల వైపే ఉండాలి.

మొదటి మెట్టు: ముందు ఇతరుల సినిమా మోయండి

విశాఖలో పుట్టిన నిర్మాతకు హైదరాబాదులో ఉన్నవారికి లేని సౌకర్యం ఒకటి ఉంది. యూనిట్లే ఇక్కడికి వస్తాయి. మరోచరిత్ర కాలం నుంచి, అంటే 1978 నుంచే కాదు, అంతకు ముందు నుంచీ ఈ తీరం కెమెరాలకు తెలుసు. భీమిలి రోడ్డులో కొండ మీద రామానాయుడు స్టూడియో ఉంది. అరకు, బొర్రా గుహలు, యారాడ, రుషికొండ, పాత పోస్టాఫీసు వీధులు, ఫిషింగ్ హార్బర్ అన్నీ రెండు మూడు గంటల ప్రయాణంలో ఉంటాయి. వచ్చిన ప్రతి యూనిట్‌కూ ఊరు తెలిసిన మనిషి కావాలి. ఏ వీధిలో కారవాన్ తిరుగుతుంది, ఏ కల్యాణ మండపం ఖాళీగా ఉంది, ఎవరి దగ్గర జనరేటర్ ఆగకుండా పనిచేస్తుంది, ఏ కార్యాలయంలో దరఖాస్తు ఎవరికి ఇవ్వాలి అన్నవన్నీ తెలిసిన మనిషి.

ఆ మనిషి మీరు కండి. లొకేషన్ మేనేజరుగా మొదలై ప్రొడక్షన్ మేనేజరుగా, తర్వాత లైన్ ప్రొడ్యూసరుగా, అంటే వేరే నిర్మాత తరఫున షూటింగు ఏర్పాట్లూ ఖర్చూ చూసే మనిషిగా, ఎదగడానికి రెండు మూడేళ్ళు పట్టవచ్చు. ఈ కాలంలో వచ్చే జీతం కంటే విలువైనది ఒకటుంది. వేరొకరి డబ్బుతో ఒక షూటింగు రోజు ఎలా ఖర్చవుతుందో దగ్గరుండి చూస్తారు. మధ్యాహ్నం రెండు గంటలకు హీరో దుస్తులు సరిపోలేదని గంట పోతే ఆ గంట ఖరీదు ఎంతో మీకు తెలిసిపోతుంది. ఈ అనుభవం లేకుండా నేరుగా సొంత సినిమాకు దిగినవారు ఆ పాఠాన్ని తమ డబ్బుతో నేర్చుకోవాల్సి వస్తుంది.

ఈ లైన్ ప్రొడక్షన్ పని ముందు ముందు కూడా మిమ్మల్ని నిలబెడుతుంది. సొంత సినిమా ఒకటి పూర్తయి డబ్బు తిరిగి రావడానికి రెండు మూడేళ్ళు పడుతుంది. ఆ మధ్యలో ఇంటి ఖర్చు దీని మీద, ప్రకటనల చిత్రాల మీద, కర్మాగారాలూ విద్యాసంస్థలూ తీయించుకునే డాక్యుమెంటరీల మీద నడవాలి. దీన్ని చిన్నతనంగా భావించకండి. ఈ ఆదాయం ఉన్న నిర్మాత అవసరంలో తక్కువ ధరకు హక్కులు అమ్ముకోడు.

రెండో మెట్టు: కథ చేతిలోకి రావాలి, కాగితం మీద

మన కాపీరైట్ చట్టం 1957 నాటిది. దాని ప్రకారం సినిమాకు కర్త నిర్మాతే. కానీ ఆ సినిమా ఏ కథ మీద నిలబడిందో ఆ కథ హక్కు రచయితది. దాన్ని రాతపూర్వకంగా, సంతకంతో బదిలీ చేయించుకోవాలి. నోటి మాట చెల్లదు. ఇక్కడ మూడు విషయాలు గుర్తుంచుకోండి. ఒప్పందంలో ఎన్నేళ్ళకో రాయకపోతే చట్టం దాన్ని ఐదేళ్ళుగానే చూస్తుంది. ఏ ప్రాంతానికో రాయకపోతే భారతదేశం వరకే అనుకుంటుంది. అమెరికాలో సినిమా వేయాలంటే ఆ ఒక్క మాట లేకపోవడం అడ్డుపడుతుంది. మూడోది, హక్కు తీసుకున్న ఏడాదిలోపు దాన్ని వినియోగించకపోతే, ఒప్పందంలో వేరేగా రాసుకోనప్పుడు, ఆ హక్కు జారిపోతుంది. చిన్న సినిమాకు ఏడాది ఇట్టే గడిచిపోతుంది కాబట్టి గడువు స్పష్టంగా రాయించండి.

2012 సవరణ తర్వాత పాటల రచయితకూ సంగీత దర్శకుడికీ సినిమా థియేటర్ ప్రదర్శనకు వెలుపల జరిగే వాడకంలో రాయల్టీ వాటా ఉంటుంది. దాన్ని వదులుకున్నట్టు వారి చేత సంతకం పెట్టించుకున్నా చెల్లదు. ఆడియో కంపెనీతో మాట్లాడేటప్పుడు ఇది దృష్టిలో ఉంచుకోండి.

ఇక కథ ఎంపిక సంగతి. నా అభిప్రాయం సూటిగా చెబుతాను. తక్కువ డబ్బుతో తీసే సినిమా పెద్ద సినిమాను అనుకరిస్తే ఓడిపోతుంది. ఊరు, మాట, మనుషులు మీకు ఉచితంగా దొరికే సంపద. 2018లో వచ్చిన కేరాఫ్ కంచరపాలెం అందుకు ఋజువు. వెంకటేశ్ మహా దర్శకుడు, ప్రవీణ పరుచూరి నిర్మాత. నటించినవారిలో ఎక్కువమంది ఆ పేటవాళ్ళే, కెమెరా ముందుకు అదే మొదటిసారి. సినిమా పూర్తయ్యాక సురేశ్ ప్రొడక్షన్స్ సమర్పణలో థియేటర్లకు వచ్చింది. పూర్తయిన సినిమాను పెద్ద సంస్థకు చూపించి వారి సమర్పణలో విడుదల చేయడం చిన్న నిర్మాతకు ఉన్న మంచి దారుల్లో ఒకటి. ఆ దారి తెరుచుకోవాలంటే సినిమాకు తనదైన ముఖం ఉండాలి.

నటుల కోసం దూరం వెళ్ళనక్కర్లేదు. ఆంధ్ర విశ్వకళాపరిషత్తులో రంగస్థల కళల విభాగం ఉంది. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో పరిషత్తు నాటకాలు ఆడేవాళ్ళున్నారు. తప్పెటగుళ్ళు ఆడే బృందాల్లో నేను చూసిన ముఖాలు ఏ ఆడిషన్‌లోనూ చూడలేదు.

మూడో మెట్టు: సంస్థ, ఖాతా, టైటిల్

ఇది త్వరగా ముగించుకోవాల్సిన పని. ఒంటరిగా అయితే సొంత వ్యాపార సంస్థ చాలు. భాగస్వాములుంటే ఎల్‌ఎల్‌పీ గానీ ప్రైవేట్ లిమిటెడ్ గానీ పెట్టండి, అప్పుడు సినిమా అప్పు ఇంటి దాకా రాకుండా కొంత రక్షణ ఉంటుంది. పాన్, జీఎస్టీ, సినిమాకు మాత్రమే వాడే బ్యాంకు ఖాతా తీసుకోండి. బ్యానరు పేరు, సినిమా టైటిల్ హైదరాబాదులోని ఫిల్మ్ ఛాంబర్ లేదా నిర్మాతల మండలిలో నమోదు చేయించండి. పోస్టరు వేశాక ఆ టైటిల్ మరొకరి పేరు మీద ఉందని తెలిస్తే ఖర్చు రెండింతలవుతుంది.

నాలుగో మెట్టు: బడ్జెట్, చివరి నుంచి మొదటికి

ఒక ఉదాహరణ తీసుకుందాం. టికెట్టు ధర 150 రూపాయలు. 100 రూపాయలకు మించిన టికెట్టు మీద జీఎస్టీ 18 శాతం. అది తీసేస్తే మిగిలేది దాదాపు 127. థియేటర్ వాటా సగం అనుకుంటే 63 రూపాయల 50 పైసలు. అందులో పంపిణీదారుడి కమిషన్ 15 శాతం పోతే మీ చేతికి 54 రూపాయలు. దీనిలోంచే డిజిటల్ ప్రదర్శనకు క్యూబ్, యూఎఫ్‌ఓ వంటి సంస్థలకు స్క్రీనుకు ఇంత అని కట్టాలి. విడుదల కోసం మీరు 25 లక్షలు ఖర్చు పెడితే, ఆ ఒక్క ఖర్చు వెనక్కి రావడానికే 46 వేలకు పైగా టికెట్లు తెగాలి. సినిమా తీసిన డబ్బు సంగతి ఇంకా మొదలే కాలేదు.

ఈ లెక్క భయపెట్టడానికి చెప్పలేదు. ఎక్కడ ఆగాలో తెలియడానికి చెప్పాను. నేను ఇప్పుడు చేసే పద్ధతి ఇది. మొత్తం 80 లక్షలు సమకూరుతాయనుకుంటే, ముందుగా 25 లక్షలు విడుదలకు పక్కన పెడతాను. వేరే ఖాతాలో వేసి, ఇద్దరి సంతకాలుంటే తప్ప తీయడానికి వీలు లేకుండా చేస్తాను. 5 లక్షలు అనుకోని ఖర్చుకు. మిగిలిన 50 లక్షల్లో ఫస్ట్ కాపీ, అంటే ప్రదర్శనకు సిద్ధమైన పూర్తి సినిమా, రావాలి. అందులో స్క్రిప్టు, హక్కులు, ముందస్తు పనులకు 4, నటులకు 8, సాంకేతిక నిపుణులకు 12, కెమెరా, లైట్లు, ఇతర పరికరాలకు 7, బస, భోజనం, రవాణాకు 9, ఆర్ట్, దుస్తులకు 3, ఎడిటింగ్ నుంచి డీఐ (రంగులు సరిదిద్దే పని), మిక్సింగ్ దాకా 7 లక్షలు. మీ సినిమాకు ఈ అంకెలు మారతాయి. 25 లక్షలు మాత్రం కదలకూడదు.

ప్రతి పద్దునూ మనిషి, రోజు అనే కొలతల్లోకి దించండి. 45 మంది యూనిట్‌కు ఉదయం టిఫిను నుంచి రాత్రి భోజనం దాకా మనిషికి రోజుకు 350 రూపాయలు అనుకుంటే, 24 రోజులకు 3 లక్షల 78 వేలు. "భోజనాలకు ఒక మూడు లక్షలు" అని ఉజ్జాయింపుగా రాసుకున్న నిర్మాత ఆఖరి వారంలో కూరలు తగ్గిస్తాడు. కూరలు తగ్గిన రోజు యూనిట్ మనసూ తగ్గుతుంది. ఇది నేను కళ్ళారా చూశాను. పైన చెప్పిన బడ్జెట్‌లో నటుల పారితోషికం కాకుండానే ఒక్క షూటింగు రోజు ఖరీదు లక్షా పాతిక వేలకు పైమాటే. దర్శకుడు "ఇంకో రెండు రోజులు" అన్నప్పుడు ఆ అంకె మీ నాలుక మీద ఉండాలి.

ఐదో మెట్టు: డబ్బు తెచ్చే దారులు

సొంత పొదుపు, దగ్గరివారి పెట్టుబడి, భాగస్వామ్యం, ఫైనాన్షియర్ అనే నాలుగు దారులు అందరికీ తెలిసినవే. ఇల్లు తాకట్టు పెట్టడం వీటిలో లేదు. మొదటి సినిమాకు ఎవరూ ఇల్లు తాకట్టు పెట్టకూడదని నా గట్టి నమ్మకం.

ఫైనాన్షియర్ దగ్గర వడ్డీ నూటికి నెలకు రెండు రూపాయలు అంటే వినడానికి చిన్నగా ఉంటుంది. 20 లక్షలకు పద్నాలుగు నెలలైతే వడ్డీ ఒక్కటే 5 లక్షల 60 వేలు. అందుకే అప్పు తెస్తే షూటింగుకు కాకుండా ఆఖరి దశకు తెండి. విడుదల దగ్గరపడ్డాక తెచ్చిన అప్పుకు వడ్డీ నెలలు తక్కువ.

దగ్గరివారు పెట్టుబడి పెడితే డబ్బు తిరిగి వచ్చే వరుస కాగితం మీద రాయండి. వచ్చిన డబ్బులో మొదట విడుదల ఖర్చు, తర్వాత అప్పు, తర్వాత పెట్టుబడిదారుల అసలు, ఆ పైన మిగిలితే లాభం ఎవరికెంత అన్నది స్పష్టంగా ఉండాలి. బావమరిది అయినా సంతకం చేయించండి. బంధుత్వం చెడకుండా కాపాడేది ఆ కాగితమే. ముక్కూ మొహం తెలియని వారి దగ్గర లాభం ఇస్తామని చెప్పి డబ్బు పోగు చేయకండి. అనుమతి లేని డిపాజిట్ల మీద 2019లో వచ్చిన చట్టం కఠినమైనది.

కథకు తగిన బలం ఉంటే ఎన్‌ఎఫ్‌డీసీ (జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ) గోవాలో నిర్వహించే ఫిల్మ్ బజార్ (ఇప్పుడు వేవ్స్ ఫిల్మ్ బజార్) వైపు చూడండి. ఇంకా తీయని కథలకు సహనిర్మాతలను వెతికే విభాగం, ఎడిటింగ్ దశలో ఉన్న సినిమాలకు సలహాలిచ్చే విభాగం అక్కడ ఉన్నాయి. తెలుగు నుంచి వెళ్ళేవారు తక్కువ. ఆ తలుపు మనమే తట్టడం లేదు.

ఆరో మెట్టు: ఊరితో, సముద్రంతో, ప్రభుత్వంతో మాట్లాడుకోవడం

విశాఖలో అనుమతులు ఎవరి దగ్గర తీసుకోవాలో స్థలాన్ని బట్టి మారుతుంది. రోడ్లకు జీవీఎంసీ (నగరపాలక సంస్థ), పోలీసు శాఖ. కైలాసగిరి వంటి పార్కులకు వీఎంఆర్‌డీఏ. పోర్టు ప్రాంతానికి పోర్టు అధికారులు. రైలు, స్టేషను కావాలంటే రైల్వే. బొర్రా గుహలకు పర్యాటక శాఖ. అరకు, పాడేరు వైపు ఇప్పుడు అల్లూరి సీతారామరాజు జిల్లా కాబట్టి అక్కడి అధికారులు, అడవి అయితే అటవీ శాఖ. బొజ్జన్నకొండ వంటి పురాతన కట్టడాలకు పురావస్తు శాఖ. రాష్ట్ర చలనచిత్ర అభివృద్ధి సంస్థ ద్వారా దరఖాస్తు పెట్టుకునే వీలుంది. అయినా ప్రతి కార్యాలయానికీ స్వయంగా వెళ్ళి ముఖం చూపించండి.

డ్రోన్ విషయంలో మరీ జాగ్రత్త. ఇది తూర్పు నౌకాదళ కేంద్రం. ఊళ్ళోని విమానాశ్రయం కూడా నౌకాదళానిదే. 2021 డ్రోన్ నిబంధనల ప్రకారం ఎరుపు, పసుపు, ఆకుపచ్చ మండలాలు ఉంటాయి. ప్రభుత్వ డిజిటల్ స్కై వెబ్‌సైటులోని పటంలో మీ స్థలం ఏ రంగులో ఉందో చూడకుండా డ్రోన్ సంచి తెరవవద్దు. డాల్ఫిన్ నోస్ మీదుగా ఒక్క షాటు కోసం సినిమా మొత్తాన్ని ప్రమాదంలో పెట్టకూడదు.

భీమిలి దగ్గరి ఎర్రమట్టి దిబ్బలు జాతీయ భూవైజ్ఞానిక వారసత్వ సంపద. అక్కడ మేకులు కొట్టి సెట్టు వేయడం, వాహనాలు దింపడం చేయకూడదు. చలికాలం చివర ఆలివ్ రిడ్లే తాబేళ్ళు ఈ ఒడ్డునే గుడ్లు పెడతాయి. ఆ నెలల్లో రాత్రిపూట ఇసుక మీద పెద్ద లైట్లు వెలిగిస్తే అవి దారి తప్పుతాయి. అటవీ శాఖవారిని ముందే అడగండి. వద్దంటే ఆ సీను పగటికి మార్చండి.

కాలం సంగతి విడిగా చెప్పాలి, ఎందుకంటే ఇక్కడ చాలా డబ్బు పోతుంది. ఒకసారి మరబోట్లు తెల్లవారుజామున సముద్రంలోకి బయలుదేరే సీను మే నెలలో పెట్టుకున్నాం. లొకేషన్ చూడటానికి హార్బరుకు వెళ్తే వందల బోట్లు లంగరేసి ఉన్నాయి. వలలు బాగుచేసుకుంటున్న ఒక పెద్దాయన తల ఎత్తి చెప్పారు: "బాబూ, ఇప్పుడు వేట నిషేధం కదా. జూన్ దాకా ఏ బోటూ కదలదు." ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు 61 రోజులు తూర్పు తీరమంతా అంతే. ఆ సీను కోసం షెడ్యూలు మొత్తం మార్చాం. అదే, నిండుగా బోట్లు ఆగి ఉన్న హార్బరు కావాలంటే ఆ రెండు నెలలే సరైన సమయం. అక్టోబరు, నవంబరు తుఫానుల నెలలు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ ఈ ఊరిని ఏం చేసిందో చూసినవాళ్ళం కాబట్టి ఆ నెలల్లో అవుట్‌డోర్ పెట్టేటప్పుడు ఇండోర్ సీన్లు సిద్ధంగా ఉంచుకుంటాం. డిసెంబరు 4 నేవీ డే. నౌకాదళ విన్యాసాలు ఇక్కడ జరిగే ఏడాది, వాటి ముందు రోజుల్లో బీచ్ రోడ్డు మీద ఆశలు పెట్టుకోవద్దు.

వెలుతురు కూడా మన ఊరిలో ప్రత్యేకం. ఇక్కడ సూర్యుడు సముద్రంలోంచి లేచి కొండల వెనక వాలతాడు. సముద్రంలో సూర్యాస్తమయం రాసిన స్క్రిప్టును మార్చక తప్పదు. డిసెంబరులో ఐదున్నరకల్లా సూర్యుడు దిగిపోతాడు, కొండ నీడ ఇసుక మీదికి ఇంకా ముందే వస్తుంది. జూన్‌లో ఐదు గంటల ఇరవై నిమిషాలకే ఉదయం. అంటే యూనిట్ మూడు గంటలకు లేవాలి.

ఇంకొకటి నా కళ్ళ ముందు జరిగింది. హోటల్ ఏసీ గదిలో రాత్రంతా ఉన్న కెమెరాను నాలుగున్నరకు ఒడ్డుకు తెచ్చాం. మూత తీయగానే లెన్సు మీద తెల్లటి పొర కమ్మింది. అసిస్టెంటు మెత్తని గుడ్డతో తుడిచాడు. అతను చెయ్యి తీసేలోపు మళ్ళీ కమ్మింది. చల్లటి గాజు బయటి తేమకూ వేడికీ అలవాటు పడటానికి అరగంట పట్టింది. ఆ అరగంటలో తూర్పున గులాబీ రంగు వచ్చి, వెళ్ళిపోయింది. అప్పటి నుంచి కెమెరా పెట్టెలను ముందు రాత్రే ఏసీ లేని గదిలో, మూతలు వేసి ఉంచుతున్నాం. ఒడ్డున పని ముగిశాక ప్రతి పరికరాన్నీ ఉప్పు లేకుండా తుడిచి భద్రపరచాలి. అద్దె పరికరానికి తుప్పు పడితే నష్టపరిహారం మీదే.

చివరగా, సముద్రం లోతును చూపుతో అంచనా వేయవద్దు. మోకాలి లోతు సీను అయినా జాలరిపేట నుంచి ఈతగాళ్ళను రోజు కూలికి పెట్టుకోండి. నీళ్ళు లాగే చోటు వాళ్ళకు తెలుసు. వాళ్ళు వద్దన్న చోట కెమెరా పెట్టకండి.

ఏడో మెట్టు: షూటింగు రోజులు

ఎవరు ఎన్ని గంటలకు ఎక్కడికి రావాలో చెప్పే కాల్ షీటు ముందు రోజు సాయంత్రం ఆరు గంటలకల్లా అందరి ఫోన్లలో ఉండాలి. బేటాలు, అంటే యూనిట్‌కు ఇచ్చే రోజువారీ భత్యాలు, ఆ రోజువి ఆ రోజే చెల్లించండి. పేరున్న నటుడికి చెక్కు వారం ఆలస్యమైనా పరవాలేదు, లైట్‌బాయ్‌కి బేటా రాత్రి దాటకూడదు. చిన్న నిర్మాత పేరు పరిశ్రమలో పాకేది ఈ ఒక్క విషయంలోనే అని నేను చెప్పగలను. ప్రతి చెల్లింపుకూ వోచరు, సంతకం ఉండాలి. పారితోషికాల్లో టీడీఎస్ తగ్గించి జమ చేయాలి. ఒక్కొక్కరికి 50,000 రూపాయలకు మించి చెల్లిస్తే ఆ వివరాలను నిర్మాత ఆదాయపన్ను శాఖకు విడిగా నివేదించాలి. వోచర్లు లేకుండా ఏడాది తర్వాత ఆ జాబితా తయారు చేయడం నరకం.

పిల్లలు నటిస్తుంటే జిల్లా కలెక్టరు అనుమతి తప్పనిసరి. రోజుకు ఐదు గంటలు మించకూడదు, విరామం లేకుండా మూడు గంటలు మించకూడదు. వాళ్ళ పారితోషికంలో కనీసం 20 శాతం వాళ్ళ పేరున ఫిక్సెడ్ డిపాజిట్ చేయాలి. జంతువులుంటే భారత జంతు సంక్షేమ మండలి అనుమతి ముందే తీసుకోండి. షూటింగు అయ్యాక వెతికితే సెన్సార్ దగ్గర సీను పోతుంది. పదిమంది లేదా అంతకు మించి పనిచేసే చోట లైంగిక వేధింపుల ఫిర్యాదులు వినే అంతర్గత కమిటీ ఉండాలని 2013 చట్టం చెబుతోంది. కమిటీ సభ్యుల పేర్లు, ఫోన్ నంబర్లు కాల్ షీటు మీదే వేయండి. ఆడపిల్లలను నమ్మి పంపిన తల్లిదండ్రులకు మనం ఇవ్వాల్సిన కనీస భరోసా అది.

ప్రతి రాత్రీ ఫుటేజీ మూడు కాపీలు తీయించండి. వాటిలో ఒకటి వేరే ఇంట్లో ఉండాలి.

ఎనిమిదో మెట్టు: ఫస్ట్ కాపీ, సెన్సార్

ఎడిటింగ్ విశాఖలోనే చేయవచ్చు. మిక్సింగ్, డీఐలకు మాత్రం మంచి గది ఉన్న చోటికి వెళ్ళండి. ధ్వని బాగా లేని చిన్న సినిమాను థియేటర్ క్షమించదు. మాటలు లేకుండా సంగీతం, శబ్దాలు మాత్రమే ఉన్న ట్రాకును ఇప్పుడే తయారు చేయించండి. డబ్బింగ్ హక్కులు అమ్మే రోజున అది లేకపోతే బేరమే ఆగిపోతుంది.

సెన్సార్ బోర్డు ప్రాంతీయ కార్యాలయం హైదరాబాదులో ఉంది. దరఖాస్తు ఈ-సినీప్రమాణ్ పోర్టల్‌లో. 2023 సవరణ తర్వాత యుఏ మూడు భాగాలైంది: యుఏ 7+, యుఏ 13+, యుఏ 16+. యు, ఏ యథాతథం. థియేటర్లో వేసే ట్రైలర్‌కూ సర్టిఫికెట్ కావాలి. పొగతాగే దృశ్యాలుంటే హెచ్చరికలు తప్పవు. విడుదల తేదీ ప్రకటించాక సెన్సార్‌కు వెళ్ళే అలవాటు మానుకోవాలి. సర్టిఫికెట్ చేతికి వచ్చాకే పోస్టరు మీద తేదీ వేయండి.

తొమ్మిదో మెట్టు: విడుదల

మూడు తలుపులున్నాయి: చిత్రోత్సవాలు, థియేటర్లు, ఓటీటీ. వరుస ముఖ్యం. చాలా చిత్రోత్సవాలు ముందెక్కడా ప్రదర్శించని సినిమానే కోరతాయి, కాబట్టి ఉత్సాహంతో మిత్రులకు ఆన్‌లైన్‌లో పెట్టేయకండి. గోవాలో జరిగే ఇఫీ, కేరళ, ధర్మశాల ఉత్సవాలకు గడువులు చూసి పంపండి. ఇంగ్లీషు ఉపశీర్షికలు మంచి అనువాదకుడితో రాయించండి. మన యాస అందం అక్కడే పోతుంది లేదా నిలుస్తుంది.

థియేటర్లకు మన పంపిణీ భాషలో ప్రాంతాలు ఇవి: నైజాం (తెలంగాణ), సీడెడ్ (రాయలసీమ), ఉత్తరాంధ్ర, తూర్పు, పశ్చిమ, కృష్ణా, గుంటూరు, నెల్లూరు. పంపిణీదారుడు మినిమం గ్యారంటీ, అంటే సినిమా ఆడినా ఆడకపోయినా మీకు దక్కే కనీస మొత్తం, ఇస్తే అదృష్టం. అడ్వాన్సు ఇస్తే అది తిరిగి ఇవ్వాల్సి రావచ్చని గుర్తుంచుకోండి. ఎక్కువసార్లు కమిషన్ పద్ధతే దొరుకుతుంది. అలాంటప్పుడు రాష్ట్రమంతా వంద తెరలు పట్టి, ఖాళీ కుర్చీలకు అద్దె కట్టకండి. ఉత్తరాంధ్రలో పదిహేను తెరలు, హైదరాబాదులో పది మల్టీప్లెక్స్ ఆటలతో మొదలుపెట్టి, మాట పాకాక పెంచుకోండి. విడుదలకు వారం ముందు జగదాంబ జంక్షన్ చుట్టుపక్కల ఏదో ఒక థియేటర్లో ప్రీమియర్ ఆట వేసి, కాలేజీ పిల్లలనూ నటించిన పేటవాళ్ళనూ పిలవండి. మా రెండో సినిమాకు వచ్చిన మొదటి వెయ్యిమంది ప్రేక్షకుల్లో చాలామంది ఆ ఒక్క ఆట చూసినవారు పంపినవాళ్ళే.

ఓటీటీలో నేరుగా విడుదలకు సెన్సార్ సర్టిఫికెట్ అక్కర్లేదు, అయినా వేదికలు హక్కుల కాగితాలన్నీ అడుగుతాయి. రెండో మెట్టులో చెప్పిన సంతకాలు ఇక్కడ పనికొస్తాయి. ఆహా, ఈటీవీ విన్ వంటి తెలుగు వేదికలు మొదట చూడండి. ఎంతమంది చూస్తే అంత ఇచ్చే పద్ధతి అయితే నెలవారీ నివేదిక, దాన్ని తనిఖీ చేసుకునే హక్కు ఒప్పందంలో రాయించండి. "సమస్త హక్కులు, శాశ్వతంగా" అన్న మాట కనిపిస్తే కలం కింద పెట్టండి. డిజిటల్, శాటిలైట్, డబ్బింగ్, విదేశీ హక్కులు విడివిడిగా, ఏళ్ళ లెక్కతో అమ్మాలి.

విడుదల తర్వాత

థియేటర్ల లెక్కలు వారాల్లో మూసేయించండి, నెలలు గడిస్తే కాగితాలు దొరకవు. పెట్టుబడి పెట్టినవారికి లాభం వచ్చినా రాకపోయినా మూడు నెలలకోసారి ఒక పేజీ లెక్క పంపండి. నా మొదటి సినిమాకు పూర్తి డబ్బు తిరిగి రాలేదు. కానీ ఆ పేజీలు క్రమంగా అందుకున్నవారిలో ఇద్దరు రెండో సినిమాకు మళ్ళీ చేయి కలిపారు.

మా బీరువాలో ఆ హార్డ్ డిస్కు పక్కన ఇప్పుడొక నోటు పుస్తకం ఉంది. ఏ హక్కు ఎవరికి ఇచ్చామో, ఏ తేదీన తిరిగి మా చేతికి వస్తుందో ఒక్కో వరుసలో రాసి ఉంటుంది. శాటిలైట్ హక్కు గడువు తీరే తేదీ ఎర్ర సిరాతో ఉంది. దానికి ఆరు నెలల ముందున్న తేదీ పక్కన మా అమ్మాయి రాసిన మాట: "నాన్నా, ఈ రోజు ఫోన్లు మొదలుపెట్టు."